ఎందుకైనా మంచిదని ఇంకోసారి: ఉమ్మడి వరంగల్ అధికారులకు బహిరంగ లేఖ

హన్మకొండ, వరంగల్, జనగామ, మహబూబాబాద్, ములుగు, జయశంకర్ భూపాలపల్లి జిల్లాల కలెక్టర్లకు, శాఖాధికారులకు, బ్యాంకు మేనేజర్లకు నమస్కారాలు.

జిల్లా ఆఫీసుల్లో జూనియర్ అసిస్టెంటుగా చేరి, సూపరింటెండెంటుగా రిటైరైన మనిషిని నేను. ఉండేది హన్మకొండలో, సొంతూరు పరకాల దిక్కు. మీ కుర్చీల్లో ఉండే ఒత్తిడి నాకు తెలుసు, అందుకని నేరుగా విషయానికి వస్తాను.

ప్రభుత్వ సాయంతో మా అక్క కట్టుకుంటున్న ఇందిరమ్మ ఇంటికి రావాల్సిన బిల్లు గురించి, మా ఊరి వడ్ల కొనుగోలు కేంద్రం గురించి ప్రజావాణిలో (అధికారులు జనం అర్జీలు తీసుకునే కార్యక్రమంలో) దరఖాస్తు ఇచ్చాను. ఒకసారి చూసిందాన్నే మళ్ళీ మళ్ళీ చూస్తున్నారు, ఆ చూపుల మధ్య జనం నలిగిపోతున్నారు అన్నది దాని సారాంశం. రశీదు ఇచ్చారు. కొన్నాళ్ళకు మండలం నుంచి ఫోన్. "సార్, ఈ దరఖాస్తు మీరే ఇచ్చిన్రా? వెరిఫికేషన్ కోసం అడుగుతున్నం." నేనే ఇచ్చానన్నాను. తర్వాత డివిజన్ ఆఫీసు నుంచి అదే ప్రశ్న. ఆ తర్వాత జిల్లా ఆఫీసు వాళ్ళు, కింది నుంచి వచ్చిన రిపోర్టు నిజమేనా అని అడిగారు. ఆఖరికి ఫోన్‌కు మెసేజ్ వచ్చింది: మీ అర్జీ పరిష్కరించబడింది. ఏం పరిష్కరించారో అందులో లేదు. అక్క బిల్లు మాత్రం అక్కడే ఉంది. అందుకే ఇప్పుడు నలుగురూ చదివేలా రాస్తున్నాను.

తనిఖీలే వద్దని నా వాదన కాదు. చనిపోయినవాళ్ళ పేరు మీద పింఛన్లు, పునాది కూడా లేని ఇళ్ళకు బిల్లులు నేనూ ఫైళ్ళలో చూశాను. పింఛనుదారుణ్ణి కనక, నేను బతికే ఉన్నానని ఏడాదికోసారి నిరూపించుకుంటాను. 2014 నవంబరులో జీవన్ ప్రమాణ్ వచ్చాక కేంద్ర పింఛనుదారులకు, తర్వాత మాలాంటి వాళ్ళకూ ఆ పని సులువైంది. ఇంట్లో కూర్చొని ఫోన్‌లో మొహం చూపిస్తే అయిపోతుంది. ఏడాదికి ఒక్కసారి, ఒక్కచోట. దాని మీద నాకు ఏ ఫిర్యాదూ లేదు. మిగతావి అలా లేకపోవడమే నా ఫిర్యాదు.

1. ఇల్లు ఒక్కటే, జిల్లాలు మూడు. 2016 అక్టోబరులో పాత వరంగల్ జిల్లాను ముక్కలు చేశారు. హన్మకొండ వాళ్ళం వరంగల్ అర్బన్ అయ్యాం. 2021లో పేరు మార్చి హన్మకొండ జిల్లా అన్నారు. ఇల్లు జరగలేదు, గల్లీ జరగలేదు. అయినా ఒక ఇంట్లో తండ్రి ఆధార్ మీద వరంగల్, కొడుకు సర్టిఫికెట్ మీద వరంగల్ అర్బన్, కోడలి కార్డు మీద హన్మకొండ ఉంటాయి. వీటిని పక్కపక్కన పెట్టి "అడ్రసు కలుస్తలేదు" అని కొర్రీ పెడుతున్నారు. పేరు మార్చింది ప్రభుత్వం, జీవో ఇచ్చింది ప్రభుత్వం. ఇవి మూడూ ఒకటేనని జిరాక్సులు పట్టుకొని తిరిగి నిరూపించాల్సింది మాత్రం రోజుకూలి మనిషి. ఇంటిపేరులో ఒక అక్షరం తేడా ఉన్నవాళ్ళ సంగతి నేను ఎత్తడమే లేదు, అది రాస్తే ఈ లేఖ సరిపోదు.

2. చెప్పిందే చెప్పించడం. 2014 ఆగస్టు 19న సమగ్ర కుటుంబ సర్వే అని రాష్ట్రమంతా ఇళ్ళలో కూర్చున్నాం. బొంబాయి, సూరత్, భివండి పోయినవాళ్ళు కూడా బస్సులెక్కి వచ్చారు. 2023 డిసెంబరు 28 నుంచి 2024 జనవరి 6 దాకా ప్రజాపాలన దరఖాస్తులు. 2024 నవంబరులో మళ్ళీ ఇంటింటి సర్వే, ఆ వెనకే ఇందిరమ్మ ఇళ్ళ యాప్ పట్టుకొని ఇంకొకరు. 2025 జనవరి గ్రామసభల్లో, పేరు రానివాళ్ళు మళ్ళీ దరఖాస్తు పెట్టుకోండి అన్నారు. ప్రతిసారీ అదే ఆధార్, అదే రేషన్ కార్డు, అదే "ఇంట్ల ఎంతమంది?" ఏ సర్వే అవసరం దానికి ఉండొచ్చు. కానీ ఒక శాఖ చూసి సరే అన్నదాన్ని ఇంకో శాఖ నమ్మకపోతే మొదటి శాఖ చూసినట్టా, చూడనట్టా?

3. గోడలు లేచినా డబ్బు రాదు. ఇందిరమ్మ ఇంటికి 5 లక్షలు విడతలవారీగా ఇస్తారు. బేస్‌మెంట్, గోడలు, స్లాబు, ఇలా ఒక్కో దశలో ఫోటో తీసి యాప్‌లో ఎక్కించాలి. ఆ ఫోటోలో ఇల్లు ఏ జాగాలో ఉందో కూడా పడుతుంది. మంచి ఏర్పాటు, ఒప్పుకుంటాను. మరి ఫోటో ఉన్నాక కార్యదర్శి రావడం ఎందుకు? ఆయన వచ్చి చూశాక ఇంజినీరు (ఏఈ), ఆయన చూశాక ఇంకో సారు, ఆపైన సూపర్ చెక్ అని వేరే మండలం నుంచి మరో సారు ఎందుకు? మా అక్క ఇంటి బేస్‌మెంటును టేపు పట్టి కొలిచినవాళ్ళే ఎక్కువ, ఇటుక పేర్చినవాళ్ళు తక్కువ. వచ్చిన ప్రతివాళ్ళూ "అంతా కరెక్టే ఉందమ్మా" అనే పోయారు. కరెక్టుగా ఉంటే బిల్లు ఎందుకు ఆగిందో చెప్పినవాళ్ళు లేరు. ఈలోపు మేస్త్రీ వేరే పని ఒప్పుకొని పోయాడు. నూటికి రెండు రూపాయల మిత్తికి తెచ్చిన పైసలకు నెలనెలా మిత్తి పెరుగుతోంది. పాత ఇల్లు కూలగొట్టింది కనక, అక్క వానకాలమంతా పక్కింటి వసారాలో పరదా కట్టుకొని ఉంది.

4. తేమ మీటరు. దీని గురించి కొంచెం వివరంగా చెప్పాలి, ఎందుకంటే మన దగ్గర ప్రతి ఊరికీ తెలిసిన బాధ ఇది.

వడ్లలో తేమ 17 శాతం దాటకూడదని నిబంధన. మా ఊరి కేంద్రంలో రైతు వడ్లు ఆరబోసి, గంటకోసారి కాళ్ళతో తిరగేసి, రాత్రి పట్టాలు కప్పి, పొద్దున తీసి ఆరబెడతాడు. కేంద్రం నడిపే సంఘం మహిళ కుప్పలోంచి గుప్పెడు వడ్లు తీసి, మీటరు గిన్నెలో పోసి, మూత బిగించి బటన్ నొక్కుతుంది. 16.6. రిజిస్టరులో రాసుకుంటుంది. తర్వాత వ్యవసాయ విస్తరణ అధికారి (ఏఈవో) వచ్చి ఇంకో పక్క నుంచి తీసి చూస్తే 16.9. అదీ రాస్తారు. అప్పుడు బస్తాలకెత్తి, 40 కిలోల చొప్పున కాంటా పెట్టి, కుట్టి, లారీ కోసం ఎదురుచూడటం. లారీ వచ్చి మిల్లుకు పోయాక గుమాస్తా తన మీటరు తీస్తాడు. 18. "తేమ ఉంది, తాలు ఉంది. బస్తాకు రెండు కిలోలు తీస్తం. లేకుంటే దించం, తీస్కపోండి." లారీ గేటు ముందు నిలబడితే కిరాయి. వెనక్కి తెస్తే మళ్ళీ హమాలీ, మళ్ళీ కాంటా. రైతు ఏమంటాడు? కానియ్యండి అంటాడు.

ఒకే కుప్పలో పైన ఎండిన గింజకూ అడుగున ఉన్న గింజకూ తేమ తేడా ఉంటుంది. మీటర్లు సరిచేయించకపోతే ఒక్కొక్కటీ ఒక్కో లెక్క చూపిస్తాయి. అంటే ఎన్నిసార్లు చూస్తే అన్ని అంకెలు వస్తాయి, రైతుకు నష్టమయ్యే అంకె వచ్చేదాకా చూడటం మిల్లు వాడికి లాభం. కేంద్రంలో తూకమై రశీదు చేతికొచ్చాక మిల్లుతో రైతుకు సంబంధం లేదని ప్రతి సీజనులో పెద్దలు చెబుతూనే ఉన్నారు. ఆ మాట మిల్లు గేటు దాకా పోవడం లేదు.

పత్తిదీ అదే కథ. పత్తి కొనే కేంద్ర సంస్థ సీసీఐ 8 శాతం తేమకు పూర్తి ధర ఇస్తుంది, 12 దాకా కోత పెట్టి కొంటుంది, దాటితే కొనదు. వరంగల్ ఎనుమాముల మార్కెట్లోనో, జిన్నింగ్ మిల్లులోనో బండి మీద చెయ్యి పెట్టి ఒకచోట, దించాక ఇంకోచోట తీసి చూస్తారు. యాప్‌లో స్లాటు బుక్ చేసుకొని, పొద్దున మంచు పడ్డ పత్తిని పట్టుకొచ్చిన రైతుకు ఏ అంకె వస్తుందో అన్న టెన్షన్ పంట తీసినప్పుడు కూడా ఉండదు.

5. బ్యాంకులు. మేనేజర్ గార్లు నొచ్చుకోవద్దు. రిజర్వు బ్యాంకు నిబంధన ప్రకారం మామూలు ఖాతాదారు కేవైసీ 10 ఏళ్ళకోసారి చాలు. కొంత రిస్కు ఉన్నవాళ్ళకు 8, ఎక్కువ ఉన్నవాళ్ళకు 2. వివరాలేమీ మారకపోతే "ఏమీ మారలేదు" అని ఖాతాదారు స్వయంగా రాసిచ్చినా సరిపోతుందని కూడా అదే నిబంధనలో ఉంది. 2014లో తెరిచిన జన్‌ధన్ ఖాతాలకు పదేళ్ళు నిండాయని 2025లో ఊళ్ళలో క్యాంపులు పెట్టారు, మంచిదే. కానీ కౌంటర్ దగ్గర ఆ స్వయం ప్రకటన కాగితం పేరు ఎత్తేవాళ్ళు నాకు కనపడలేదు. ఆధార్ జిరాక్సు, పాన్ జిరాక్సు, రెండు ఫోటోలు, "మళ్ళీ రేపు రండి". ఖాతా ఆగితే ఉపాధి హామీ కూలి ఆగుతుంది, గ్యాస్ సబ్సిడీ ఆగుతుంది.

6. ఫైలు మీద టిక్కులు. ఇది నా సొంత ఇలాకా కనక కొంచెం చనువు తీసుకుంటాను. బిల్లు ఫైలు వస్తే సెక్షన్ క్లర్కు కూడిక చూసి పెన్సిల్‌తో టిక్కు పెడతాడు. సూపరింటెండెంటు దాని పక్కన ఎర్ర టిక్కు. ఆపైన గెజిటెడ్ అధికారి ఆకుపచ్చ ఇంకు. ఎవరైనా అడిగితే "ఎందుకైనా మంచిది సార్, ఇంకోసారి చూస్తే పోయేదేముంది" అంటారు. పోయేది ఉంది. పైన ఎలాగూ చూస్తారు కదా అని కింది మనిషి, కింద చూసే ఉంటారు కదా అని పై మనిషి. ఒక బిల్లులో మొత్తం అంకెల్లో ఒకటి, అక్షరాల్లో ఇంకొకటి ఉండి, అందరి సంతకాలతో ట్రెజరీ దాకా వెళ్ళి, అక్కడ కొత్తగా చేరిన అమ్మాయి చేతిలో ఆగడం నేను చూశాను. ఆ అమ్మాయి కాగితం చదివింది. అంతకుముందు వాళ్ళంతా టిక్కులు చదివారు. సంతకాలు పెరిగినకొద్దీ తప్పు దొరకదు, తప్పు చేసినవాడూ దొరకడు. ఉద్యోగులు లోపల్లోపల కోరుకునేది కూడా అదేనని మనలో మనం ఒప్పుకోవచ్చు.

7. అలవాటు ఇంటికి పాకింది. మా కాలనీలో ఒక పంచాయతీ కార్యదర్శి ఉంటుంది. చిన్నపిల్ల. పొద్దున యాప్‌లో మొహం చూపించి హాజరు, మోరీ తీసిన ఫోటో, చెత్త బండి ఫోటో. అవే ఫోటోలు మళ్ళీ మండలం వాట్సాప్ గ్రూపులో. సాయంత్రం టెలికాన్ఫరెన్సులో "పెట్టిన్రా?" అని మళ్ళీ అదే. రాత్రి అన్నం తింటూ కూడా టిక్కులు నీలం రంగులోకి మారాయా లేదా అని ఫోన్ చూస్తుంది. ఇప్పుడు ఇంటికి తాళం వేసి, లాగి చూసి, తాళం ఫోటో తీసుకొని బస్టాపుకు పోతోంది. దారిలో ఆ ఫోటో తెరిచి చూస్తుంది. ఒక్కోసారి అది నిన్నటి ఫోటో ఏమోనని వెనక్కి వస్తుంది. గ్యాస్ సంగతీ అంతే. వాళ్ళమ్మ నాతో "బిడ్డకు ఏదన్న గాలి సోకిందా అన్నా" అంది.

గాలీ లేదు ధూళీ లేదు. 2003లో నెదర్లాండ్స్‌లో ఇద్దరు పరిశోధకులు, వాన్ డెన్ హౌట్, కింట్, మామూలు ఆరోగ్యం ఉన్న విద్యార్థులను కంప్యూటర్ ముందు కూర్చోబెట్టి, తెర మీది గ్యాస్ స్టవ్ కట్టేసి ఉందో లేదో పదేపదే చూడమన్నారు. ఇంకో గుంపుకు మొదట, చివర స్టవ్ ఇచ్చి, మధ్యలో పదేపదే చూడటానికి మాత్రం బల్బులు ఇచ్చారు. ఆఖరికి, చివరిసారి స్టవ్ చూసినప్పుడు ఏ బటన్లు తిప్పారని రెండు గుంపులనూ అడిగారు. స్టవ్‌నే పదేపదే చూసినవాళ్ళు చెప్పిన జవాబులు తప్పేమీ కాలేదు. కానీ తాము చెప్పింది నిజమేనన్న ధీమా వాళ్ళకు తగ్గిపోయింది, ఆ జ్ఞాపకం మసకబారింది. అంటే అనుమానం తీరుతుందని మళ్ళీ చూస్తే, ఆ చూడటమే అనుమానాన్ని పెంచింది. ఇది హద్దు దాటితే ఓసీడీ అనే మానసిక జబ్బు కావచ్చు. దానికి వైద్యం ఉంది, మాట్లాడాలనుకుంటే ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలి మానస్ నంబరు 14416 ఉచితం. ఆ వైద్యంలో డాక్టర్లు ముఖ్యంగా చేయించేది, ఒకసారి చూశాక మళ్ళీ చూడాలన్న కోరికను ఓర్చుకోవడం. మన ఆఫీసులు రోజుకు నాలుగుసార్లు దానికి రివర్స్‌లో ట్రైనింగ్ ఇస్తున్నాయి. ఆ అమ్మాయికి జబ్బు ఉందని నేననడం లేదు. ఆమెకు జబ్బు అంటించే పద్ధతి ఉందంటున్నాను.

ప్రభుత్వానికి నమ్మడం రాదా అంటే, వస్తుంది. 2014లో టీఎస్ ఐపాస్ చట్టం తెచ్చి పరిశ్రమ పెట్టేవాళ్ళ స్వీయ ధ్రువీకరణను ఒప్పుకుంది. 2020లో టీఎస్ బీపాస్ చట్టంతో, పట్టణాల్లో 600 గజాల దాకా ఇల్లు కట్టుకునేవాళ్ళకు స్వయంగా రాసిచ్చిన ప్రకటన మీదే వెంటనే అనుమతి ఇచ్చింది. 75 గజాల లోపైతే అనుమతే అక్కర్లేదంది. రాసిచ్చింది అబద్ధమని తేలితే నోటీసు లేకుండా కూల్చవచ్చని కూడా అందులోనే పెట్టింది. ఎంత శుభ్రంగా ఉందో చూడండి: ముందు నమ్మారు, అబద్ధానికి శిక్ష పెట్టారు. 600 గజాల జాగా ఉన్నవాడి మాట చెల్లినప్పుడు, రెండు గదుల ఇల్లు కట్టుకునే మా అక్క మాట ఎందుకు చెల్లదు? రెండు వేల పదహారు రూపాయల పింఛను తీసుకునే ముసలమ్మ వేలిముద్ర పడకపోతే, ఆమెను పుట్టినప్పటి నుంచి ఎరిగిన ఊరంతా సాక్ష్యం చెప్పినా ఎందుకు చాలదు?

అన్నీ చూడకుండా కొన్ని చూసి లెక్క తేల్చడం కూడా మీకు కొత్త కాదు. జిల్లా పంట దిగుబడి చెప్పడానికి మీరు ప్రతి చేనూ కోయించరు. లాటరీలో వచ్చిన చేనులో 5 మీటర్ల పొడవు, 5 మీటర్ల వెడల్పు ముక్క కోసి, నూర్చి, తూకం వేస్తారు. ఒకప్పుడు పంటల బీమా కూడా దాని మీదే నడిచింది. ఈ శాంపిల్ విద్యను దేశంలో పెంచింది 1931లో మహలనోబిస్ పెట్టిన ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్. అందులో దశాబ్దాలు పనిచేసి ప్రపంచానికి పాఠం చెప్పిన సి.ఆర్. రావు గారు మన తెలుగువారే. వేల ఎకరాల చేలకు సరిపోయిన పద్ధతి ఇళ్ళ బిల్లులకు సరిపోదా?

కాబట్టి మేము అడిగేవి ఇవి.

1. ఏ పథకంలోనైనా క్షేత్రస్థాయి తనిఖీ ఒక్కసారే జరగాలి. చేసినవారి పేరు, హోదా, తేదీ లబ్ధిదారు చేతికిచ్చే కాగితం మీద ఉండాలి. తప్పు తేలితే ఆ ఒక్కరే జవాబుదారీ. ఆ పైన సూపర్ చెక్ కావాలంటే లాటరీ తీసి కొన్నిళ్ళకే చేయండి. అది జరుగుతున్నదని చెప్పి మిగతావాళ్ళ బిల్లు ఆపొద్దు.

2. వరంగల్, వరంగల్ అర్బన్, వరంగల్ రూరల్, హన్మకొండ, మిగతా కొత్త జిల్లాల పేర్లు కాగితాల మీద ఎలా ఉన్నా కొర్రీ పెట్టకూడదని ఆరుగురు కలెక్టర్లూ కలిసి ఒక సర్క్యులర్ ఇవ్వండి. మీసేవ కేంద్రాల్లో, తహసీల్ ఆఫీసుల్లో, బ్యాంకుల్లో గోడకు అంటించండి.

3. వడ్ల కేంద్రంలో రాసిన తేమే ఆఖరి అంకె. సీజనుకు ముందు కేంద్రాల మీటర్లు, మిల్లు మీటర్లు ఒకేచోట పెట్టి, ఒకే గింజ పోసి, రైతుల ముందు సరిచూడండి. మిల్లుకు అభ్యంతరం ఉంటే లారీ దించుకున్నాక మీతో తేల్చుకోవాలి, రైతుతో కాదు. బస్తాకు కిలో తీసినా ఎవరికి ఫోన్ చేయాలో, ఆ నంబరు కాంటా దగ్గర బోర్డు మీద రాయండి.

4. కేవైసీకి స్వయం ప్రకటన ఫారం తెలుగులో అచ్చువేసి కౌంటర్ మీద పెట్టండి. లీడ్ బ్యాంకు మేనేజర్ గారు ఒక్క మాట చెబితే అయ్యే పని.

5. కార్యదర్శులు, మహిళా సంఘాల పని చూసే వివోఏలు, ఆశాలు, అంగన్‌వాడీ టీచర్లు యాప్‌లో ఎక్కించిన ఫోటోను మళ్ళీ వాట్సాప్‌లో అడగడం ఆపండి. యాప్‌ను మీరే నమ్మకపోతే యాప్ తీసేయండి. సాయంత్రం ఆరు తర్వాత "పెట్టిన్రా" అన్న మెసేజ్ ఏ గ్రూపులోనూ రాకూడదు. అత్యవసరాలకు ఫోన్ ఉంది.

6. ప్రజావాణి అర్జీని "పరిష్కరించబడింది" అని మూసేటప్పుడు ఏం చేశారో ఒక్క వాక్యం రాయండి. రాయడానికి వాక్యం దొరకకపోతే మూయకండి.

వీటిలో 2, 4, 5 లకు పైసా ఖర్చు లేదు, హైదరాబాద్ నుంచి అనుమతి కూడా అక్కర్లేదు. దసరా పోగానే వానాకాలం వడ్లు కేంద్రాలకు వస్తాయి, మీటర్ల సంగతి ఆలోపు తేల్చాలి. మీ నిర్ణయం ఏదైనా కలెక్టరేట్ నోటీసు బోర్డు మీద పెట్టండి. ఒప్పుకోనివాటికి కారణం కూడా రాయండి. నెల రోజుల్లో ఏమీ కనపడకపోతే, బిల్లులు ఆగినవాళ్ళం, బస్తాకు రెండు కిలోలు పోగొట్టుకున్నవాళ్ళం మా రశీదులతో సహా సమాచార హక్కు కింద ఎవరు, ఏ తేదీన, ఎన్నిసార్లు చూశారో మండలాలవారీగా అడుగుతాం.

ఇట్లు,
ఒక రిటైర్డ్ సూపరింటెండెంట్,
హన్మకొండ